కందుకూరు వారపత్రిక పాత కట్టలు దొరికాయి, ఆ పత్రిక సంగతులు ఎవరికైనా గుర్తున్నాయా?

మన్నేరు:
అందరికీ నమస్కారం. మా పెదనాన్న కందుకూరులో ముప్పై ఏళ్ళు ఒక వారపత్రిక నడిపాడు. నాలుగు పేజీలు, ఇంటి ముందు గదిలోనే ప్రెస్సు. పోయిన నెల ఆ పాత ఇల్లు పడగొట్టే ముందు అటక మీద నుంచి మూడు ట్రంకు పెట్టెలు దించాం. తీసి చూస్తే అన్నీ పత్రిక కట్టలే. ఏ ఏడాదికి ఆ ఏడాది పురికొసతో కట్టి, మధ్యమధ్య వేపాకు వేసి, పాత పంచెల్లో చుట్టి పెట్టాడు. అరవైల మొదటి నుంచి తొంభైల మొదటి దాకా ఉన్నాయి. మధ్యలో కొన్నేళ్ళవి లేవు.

ఇంట్లోవాళ్ళు పాత పేపర్లవాడికి వేసేద్దాం అన్నారు. నాకు మనసొప్పలేదు. రెండు రాత్రులు కూర్చుని చదివాను. రాళ్ళపాడు రిజర్వాయరులో నీళ్ళు ఏ వారం ఎన్ని అడుగులున్నాయి, సింగరాయకొండ స్టేషన్లో ఏ రైలు ఆగడం మానేసింది, పొగాకు బేరగాళ్ళు ఎంత ధర చెప్పారు, ఏ ఊళ్ళో బావి ఎండిపోయింది, ఎవరి ఎద్దు తప్పిపోయింది, ఎవరి పిల్ల పదో తరగతిలో మండలానికి ఫస్టు వచ్చింది. దివిసీమ ఉప్పెన తర్వాత 1977 డిసెంబరు సంచికలో బట్టలు, బియ్యం పంపినవాళ్ళ పేర్లు రెండు పేజీలున్నాయి. ఒకరి పేరు పక్కన 'సోలెడు బియ్యం' అని ఉంది. అదీ అచ్చు వేశాడు మా పెదనాన్న.

ఈ పత్రిక చరిత్ర రాయాలని ఉంది. ఎలా బతికింది, ఎందుకు ఆగింది అనేది నాకు సరిగా తెలియదు. పత్రిక పేరు, మనుషుల పేర్లు ప్రస్తుతానికి ఇక్కడ రాయను, కుటుంబంలో పెద్దలతో మాట్లాడాలి. కందుకూరు, కనిగిరి, పొదిలి, కావలి వైపు వాళ్ళెవరికైనా ఏమైనా గుర్తుంటే చెప్పండి.

పెన్నాగట్టు:
బాబూ, ముందు ఆ కట్టలు అమ్మనందుకు నీకు దండం. నేను రిటైరయిన తెలుగు పంతుల్ని, నెల్లూరు. చిన్న ఊరి పత్రిక చరిత్ర రాసేటప్పుడు దాని వెనక ఉన్న పెద్ద చరిత్రను కాస్త చూసుకో. నీ పెదనాన్న పత్రిక మొదలుపెట్టిననాటికి కందుకూరు నెల్లూరు జిల్లాలో ఉంది. 1970 ఫిబ్రవరిలో ఒంగోలు జిల్లా ఏర్పడినప్పుడు అటు వెళ్ళింది, 1972లో ఆ జిల్లాకు ప్రకాశం పేరు పెట్టారు. మళ్ళీ 2022లో కందుకూరును నెల్లూరు జిల్లాలో కలిపారు. కాబట్టి కాగితాల కోసం రెండు జిల్లాల్లోనూ వెతకాలి.

ఎర్రమట్టి:
నెల్లూరు జిల్లాలో మొట్టమొదటి పత్రిక జమీన్ రైతే కదా సార్? మా తాత ఎప్పుడూ ఆ పేరే చెప్పేవాడు.

పెన్నాగట్టు:
కాదు నాయనా. జమీన్ రైతు గొప్ప పత్రిక, కాదనను. నెల్లూరు వెంకట్రామానాయుడు గారు పెట్టారు, వెంకటగిరి జమీందారీ రైతుల పక్షాన నిలబడింది. 1948లో ఎస్టేట్ల రద్దు చట్టం వచ్చేదాకా జరిగిన పోరులో దాని పాత్ర పెద్దది. కానీ అంతకు చాలా ముందే, 1885లో, పూండ్ల రామకృష్ణయ్య గారు నెల్లూరు నుంచి 'అముద్రిత గ్రంథ చింతామణి' తెచ్చారు. తాటాకుల్లో ఉండిపోయిన కావ్యాలను వెతికి నెలనెలా అచ్చు వేసిన పత్రిక అది. దంపూరు నరసయ్య గారూ మన నెల్లూరు ప్రాంతం మనిషే. మద్రాసులో 'పీపుల్స్ ఫ్రెండ్' అనే ఇంగ్లీషు పత్రిక నడిపారు. తర్వాతి కాలంలో పల్లెటూళ్ళవాళ్ళ కోసం తెలుగు పత్రిక కూడా పెట్టారు. పేరున్న పాత్రికేయుడు ఖాసా సుబ్బారావు గారు పుట్టింది నెల్లూరులో. ఒంగోలు దగ్గర వినోదరాయునిపాలెంలో పుట్టిన ప్రకాశం పంతులు గారు 1921లో మద్రాసులో 'స్వరాజ్య' పెట్టి, వకీలుగా సంపాదించిందంతా దాంట్లో పోశారు.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, పేపరు పెట్టి నష్టపోవడం మన వైపు కొత్త కాదు. నీ పెదనాన్నది పిచ్చి అని ఇంట్లో ఎవరైనా అంటే ఈ వరస చెప్పు.

సీసం అక్షరం:
మన్నేరు అన్నా, మీ పోస్టు చూసి చెయ్యి వణికింది. ప్రెస్సు ముందు గదిలో ఉండేదన్నారు కదా. ఇంటి ముందు పెద్ద గానుగచెట్టు ఉండేదా? అరుగు మీద కాగితం రీములు పెట్టేవాళ్ళా? అదే అయితే మా నాయన అందులో కంపోజిటరు.

నాకు ఆరేడేళ్ళప్పుడు నాయనకు అన్నం క్యారేజీ తీసుకెళ్ళేవాణ్ణి. గోడకు వాలుగా చెక్క కేసులు, వాటి నిండా గళ్ళు, ఒక్కో గడిలో ఒక్కో అక్షరం. ఇంగ్లీషుకయితే ఇన్ని కేసులు అక్కర్లేదట. తెలుగుకు గుణింతాలు వేరే, వత్తులు వేరే. నాయన ఎడమ చేతిలో స్టిక్కు, అంటే అక్షరాలు వరసగా పేర్చే చిన్న పళ్ళెం, పట్టుకుని, కుడి చేత్తో గళ్ళలోంచి అక్షరాలు ఏరి పెడుతుంటే కోడి గింజలేరుకున్నట్టుండేది. గళ్ళ వైపు చూసేవాడే కాదు, కళ్ళు ఎప్పుడూ రాతప్రతి మీదే. స్టిక్కులో అక్షరాలు తలకిందులుగా ఉంటాయి, ఆయన వాటిని మామూలుగానే చదివేవాడు. ముసలితనంలో కూడా ఎదురుగా కూర్చున్నవాళ్ళ చేతిలోని పేపరును తలకిందుల నుంచే చదివేసేవాడు.

ఒక సంగతి నాయన పదేపదే చెప్పేవాడు. వాళ్ళ టైపులో 'క్ష' తక్కువ. కొన్నప్పుడే తక్కువ కొన్నారు, తర్వాత కొన్ని అరిగిపోయాయి. నిరాహార దీక్షలు, పరీక్షా ఫలితాలు, 'అధ్యక్షత వహించారు' ఇవన్నీ ఒకే వారం వస్తే మూడో పేజీకల్లా 'క్ష' అయిపోయేది. అప్పుడు ఎడిటరు గారే వచ్చి పక్కన నిలబడి, 'అధ్యక్షత వహించారు' తీసి 'సభ జరిపించారు' అని మార్చేవారట. ముందు రెండు పేజీలు అచ్చయ్యాక ఫారం, అంటే పేజీగా బిగించిన అక్షరాల చట్రం, విప్పి, అక్షరాలు కిరసనాయిలుతో కడిగి, మళ్ళీ గళ్ళలో వేసుకుంటేనే చివరి పేజీ కంపోజింగు. చిన్న ట్రెడిల్ మిషను కాబట్టి ఒక్కోసారి ఒక్క పేజీనే. కాలితో తొక్కడం, చేత్తో కాగితం పెట్టడం, తియ్యడం. తొక్కేవాడికి చూపు చెదిరితే వేళ్ళు నలిగేవి. నాయన కుడిచేతి చూపుడువేలు గోరు అలా పోయిందే.

మన్నేరు:
గానుగచెట్టు ఉంది తమ్ముడూ! రోడ్డు వెడల్పు చేసినప్పుడు కొట్టేశారు. అరుగు మాత్రం మొన్నటిదాకా ఉంది. నువ్వు చెప్పిన 'సభ జరిపించారు' సంగతి చదివి వెంటనే కట్టలు విప్పి చూశాను. కొన్ని సంచికల్లో మొదటి పేజీలో 'అధ్యక్షత', అదే సంచిక నాలుగో పేజీలో 'సభ జరిపించారు'. పెదనాన్న శైలి అలా మారుతూ ఉంటుందనుకున్నాను ఇన్ని రోజులూ. అక్షరాలు అయిపోవడం అని తట్టనే లేదు.

ఫొటోల సంగతి ఏమైనా చెప్పేవారా మీ నాయన? చాలా సంచికల్లో ఒకే నెహ్రూ గారి బొమ్మ కనిపిస్తోంది.

సీసం అక్షరం:
ఫొటో కావాలంటే జింకు బ్లాకు, అంటే జింకు రేకు మీద ఆ బొమ్మ అచ్చు, చేయించాలన్నా. మన దగ్గర చేసేవాళ్ళు లేరు, మద్రాసుకో విజయవాడకో పంపాలి. వారంలో వచ్చేది కాదు, ఖర్చు కూడా ఎక్కువ. అందుకే పెద్ద నాయకుల బ్లాకులు నాలుగైదు చేయించి పెట్టుకుని, వాటినే తిప్పి తిప్పి వాడేవాళ్ళు. ఊరి మనుషుల బొమ్మలు పడకపోవడానికి కారణం అదే.

వకీలు గుమాస్తా:
నమస్కారం. నలభై ఏళ్ళు కోర్టు పక్షిని. ఎలా బతికింది అని అడిగారు కదా, చందాలతో ఏ చిన్న పత్రికా బతకలేదు. బతికించింది నోటీసులు. 'ఇందుమూలముగా తెలియజేయడమేమనగా' అని మొదలయ్యేవి చివరి పేజీలో చూడండి. వేలం ప్రకటనలు, పంచాయతీ టెండర్లు, భూసేకరణ, మైనరు ఆస్తి అమ్మకాలు, దావా నోటీసులు. ప్రతివాదికి సమన్లు అందకపోతే కోర్టు పేపరు ద్వారా ప్రకటన ఇమ్మంటుంది. తాలూకా కోర్టులో దావా, ప్రతివాదిది పక్క పల్లె, అలాంటప్పుడు మన వారపత్రికలోనే వేసేవాళ్ళం. ఖర్చు తక్కువ, ఊళ్ళో వాళ్ళు చదివేదీ అదే.

ఇక్కడే మీకు చాలామంది చెప్పని సంగతి ఒకటుంది. సివిల్ ప్రొసీజర్ కోడుకు 1976లో సవరణ వచ్చింది, 1977 ఫిబ్రవరి నుంచి అమలు. ఐదో ఆర్డరు, 20వ రూలులో కొత్తగా ఒక ముక్క చేర్చారు: అలాంటి ప్రకటన వేసే పేపరు ఆ ప్రాంతంలో తిరిగే దినపత్రిక అయి ఉండాలని. అంతటితో వారపత్రికలకు దావా నోటీసులు పోయాయి. మా ఆఫీసు నుంచే వారం వారం రెండు మూడు వెళ్ళేవి, ఆగిపోయాయి. మీ కట్టల్లో 1976 చివరి పేజీలు, 1978 చివరి పేజీలు పక్కపక్కన పెట్టి చూడండి.

మన్నేరు:
చూశాను సార్. 1976లో చివరి పేజీ ముప్పాతిక వంతు నోటీసులే. 1978కి పావు పేజీ కూడా లేదు, ఆ చోటంతా ఎరువుల కొట్టు, బట్టల కొట్టు, సినిమా హాలు ప్రకటనలు. ఇంకో విషయం, 1978 నుంచి కాగితం కూడా పలచనైంది. వెనక పేజీ అక్షరాలు ముందుకు కనిపిస్తున్నాయి. రెండూ కలిపి ఇప్పుడు అర్థమవుతోంది.

ఎర్రమట్టి:
నా మాట కొంచెం కటువుగా ఉంటుంది, క్షమించండి. చిన్న పత్రికలంటే అందరూ ఇలా కళ్ళనీళ్ళు పెట్టుకుంటున్నారు. మా ఊళ్ళో ఒక చిన్న పత్రికాయన ఉండేవాడు, ఊరు పేరు చెప్పను. ఎవరింట్లో గొడవ జరిగినా 'వచ్చే వారం వేస్తా' అని వచ్చి కూర్చునేవాడు. మా మామయ్య ఇంటి పంచాయితీ వెయ్యకుండా ఉండటానికి బస్తా ధాన్యం ఇచ్చుకున్నాడు. ఆ కాలం చిన్న పత్రికల చరిత్ర రాస్తే ఇది కూడా రాయాలి. అందరూ మీ పెదనాన్నలా లేరు.

పెన్నాగట్టు:
నువ్వు చెప్పింది నిజమే. అలాంటి పత్రికలు ఉన్నాయి, నేనూ చూశాను. రాసేటప్పుడు వదిలిపెట్టకూడదు. అయితే ఆదాయం పడిపోయిన తర్వాత ఎవరు ఎటు తిరిగారు అన్నది కూడా చూడాలి. నోటీసులు పోయాక కొందరు బెదిరింపులకు దిగారు, కొందరు పార్టీల పంచన చేరారు, కొందరు పొలం అమ్మి నడిపారు. మన్నేరూ, మీ పెదనాన్న ఏ దారి పట్టాడో నువ్వే కనుక్కోవాలి. ఏది బయటపడినా దాచకు.

మన్నేరు:
దాచను సార్. 1983 ఎన్నికల ముందు రెండు నెలలు పత్రిక ఒకే అభ్యర్థి వార్తలతో నిండిపోయి ఉంది. అంతకుముందు అలా లేదు. దానికి డబ్బు తీసుకున్నాడో, నమ్మి రాశాడో తెలియదు. అది కూడా రాస్తాను. కొండ కింద రెండెకరాలు అమ్మిన సంగతి మా అమ్మ చెప్పింది, అది 1985లో. అదీ రాస్తాను.

కలిగిరి అక్క:
నేను ఇక్కడ ఎక్కువ రాయను, చదువుతుంటాను. ఈ చర్చ చూసి ఆగలేకపోయాను. మాది కలిగిరి దగ్గర పల్లె. సారా ఉద్యమం మొదలైన దూబగుంట మాకు దగ్గరే. ఆ ఉద్యమం రోజుల్లో, అంటే 1992లో, నేను అక్షరదీపం రాత్రిబడిలో చదువు నేర్చుకున్నాను. అప్పుడు నాకు ఇరవై మూడు. బళ్ళో పుస్తకంలో సారా మీద రాసిన సీతమ్మ కథ చదివాక మా ఆడవాళ్ళంతా సారా దుకాణం దగ్గరికి వెళ్ళాం. పెద్ద పేపర్లు దూబగుంట గురించి రాశాయి, చాలా మేలు జరిగింది, నెల్లూరులో సారా వేలం పాటలు జరగకుండా పోయాయి. కానీ మా పల్లె పేరు ఏ పెద్ద పేపర్లోనూ రాలేదు.

ఒక చిన్న వారపత్రికలో వచ్చింది. కందుకూరుదో కావలిదో నాకు గుర్తులేదు. బస్సు కండక్టరు తెచ్చి ఇచ్చాడు. మా పల్లె పేరు నేనే కూడబలుక్కుని చదివాను, గట్టిగా, అందరికీ వినపడేలా. దుకాణం ముందు కూర్చున్న పదకొండు మంది పేర్లు వరసగా ఉన్నాయి. ఆరోది నాది. ఇంటిపేరు తప్పు పడింది, అయినా నాదే. 1993 ఏప్రిల్లో నెల్లూరు జిల్లాలో సారా ఆపారు, అక్టోబరులో రాష్ట్రమంతా ఆపారు. ఆ పేపరు ముక్క నా దగ్గర చాలా ఏళ్ళుంది, గుడిసె కాలినప్పుడు పోయింది.

బాబూ, మీ కట్టల్లో 1992 ఉంటే ఒక్కసారి చూస్తారా?

మన్నేరు:
అక్కా, తప్పకుండా చూస్తాను. 1992 కట్ట ఉంది, కానీ చెదలు పట్టింది. మెల్లగా విప్పాలి. రెండు రోజులు టైమివ్వండి.

అను ఫాంటు:
నేను ఒంగోలులో డీటీపీ, అంటే కంప్యూటర్లో పేజీలు కూర్చే పని, చేస్తాను, ఇరవై ఏళ్ళు పైనే. ఎందుకు ఆగింది అన్నదానికి నా వైపు నుంచి ఒక మాట. ఈనాడు 1989లో జిల్లా ఎడిషన్లు మొదలుపెట్టింది. తర్వాత మిగతా పెద్ద పేపర్లూ అదే పని చేశాయి. అంతవరకు వారం ఆగి తెలుసుకునే ఊరి వార్త తెల్లారేసరికి గుమ్మంలో పడింది, ఫొటోతో సహా. మండలానికొక విలేకరిని పెట్టారు. చిన్న పత్రికల్లో రాసే కుర్రాళ్ళే అటు వెళ్ళారు, ప్రకటనలు వాళ్ళ వెంటే వెళ్ళాయి. అది తట్టుకోవడం కష్టం.

తట్టుకున్న కొద్దిమంది మా దగ్గరికొచ్చి పేజ్‌మేకర్ సాఫ్ట్‌వేర్లో, అను అనే తెలుగు ఫాంట్లలో చేయించుకుని ఆఫ్‌సెట్లో వేయించుకున్నారు. బాధేమిటంటే, వాళ్ళ 2000 తర్వాతి సంచికలు ఇప్పుడు దొరకడం సీసం కాలం నాటివాటి కంటే కష్టం. ఫ్లాపీలు పోయాయి, సీడీలు చదవడం లేదు, ఫైలు దొరికినా ఆ ఫాంటు యూనికోడు కాదు కాబట్టి తెరిస్తే పిచ్చి గీతలు కనిపిస్తాయి. మీ పెదనాన్న వేపాకు వేసి పెట్టినవి అరవై ఏళ్ళు ఆగాయి.

స్కానింగు విషయంలో నా అనుభవం చెబుతాను. కాగితం లాక్కునే స్కానరులో మాత్రం పెట్టకండి, న్యూస్‌ప్రింటు ముక్కలైపోతుంది. బల్ల మీద పరచి, పైన గాజు పలక వేసి, పైనుంచి మంచి కెమెరాతో తియ్యండి. కిటికీ పక్కన పగటి వెలుగు చాలు, ఎండ నేరుగా పడకూడదు. చిరిగిన చోట సెల్లోటేపు వెయ్యొద్దు, పదేళ్ళలో ఆ జిగురే కాగితాన్ని తినేస్తుంది. లామినేషన్ అసలే వద్దు. న్యూస్‌ప్రింటు చెక్కగుజ్జుతో చేస్తారు, దాంట్లోని లిగ్నిన్ వల్ల గోధుమరంగు తిరిగి పెళుసవుతుంది. మడిచిన చోటే ముందు విరుగుతుంది కాబట్టి మడతలు విప్పి పరిచే ఉంచండి.

వకీలు గుమాస్తా:
చరిత్రకు ఇంకో ఆధారం చెప్పడం మరిచాను. ఆ రోజుల్లో ప్రతి పత్రికా ఏటా ఫిబ్రవరి నెలాఖరు తర్వాత వచ్చే మొదటి సంచికలో యాజమాన్య ప్రకటన వెయ్యాల్సి ఉండేది, నాలుగో ఫారం అనేవాళ్ళు. 1956 నాటి రూల్సు ప్రకారం. ఎక్కడ అచ్చవుతుంది, ప్రింటరు ఎవరు, పబ్లిషరు ఎవరు, ఎడిటరు ఎవరు, సొంతదారులు ఎవరు అన్నీ అందులో ఉండేవి. మార్చి మొదటి సంచికలు అన్నీ తీసి వరసగా పెట్టుకుంటే చేతులు మారిన సంగతులు ఏడాదివారీగా తెలుస్తాయి. పత్రిక పెట్టేటప్పుడు ఇచ్చే డిక్లరేషన్ మేజిస్ట్రేటు ముందు ఇచ్చేవాళ్ళు. 1970కి ముందుదయితే నెల్లూరు కలెక్టరేటులో గానీ కందుకూరు సబ్ డివిజన్ ఆఫీసులో గానీ అడగండి.

పెన్నాగట్టు:
లేని ఏళ్ళ సంచికల కోసం వేటపాలెం సారస్వత నికేతనానికి వెళ్ళు. 1918లో పెట్టిన గ్రంథాలయం, పాత పత్రికలకు పెట్టింది పేరు. నెల్లూరులో వర్ధమాన సమాజంలో కూడా అడుగు. జమీన్ రైతు పాత సంచికలు ప్రెస్ అకాడమీ వాళ్ళు స్కాన్ చేసి పెట్టారు, అదే వారం రెండు పత్రికలూ ఒక సంగతిని ఎలా రాశాయో పోల్చి చూసుకోవచ్చు.

మన్నేరు:
రెండు కబుర్లు.

కలిగిరి అక్కా, 1992 కట్ట విప్పాను. పైన పది సంచికలు చెదలు తినేశాయి. అడుగున ఉన్నవి బాగున్నాయి. వాటిలో సారా వార్తలు చాలా ఉన్నాయి, పల్లెల పేర్లు కూడా ఉన్నాయి. మీ పల్లె పేరు ఇంకా కనపడలేదు. మీరు చదివింది ఈ పత్రిక కాకపోయి ఉండొచ్చు, చెదలు తిన్నవాటిలో ఉండి ఉండొచ్చు. కావలి పత్రికల కోసం కూడా అడుగుతున్నాను. వదిలిపెట్టను.

గుమాస్తా గారు చెప్పినట్టు మార్చి సంచికలు తీశాను. 1974 దాకా ప్రింటరు, పబ్లిషరు, ఎడిటరు మూడూ పెదనాన్నే. 1975 మార్చి నుంచి ప్రింటరు పేరు మారింది. ఆ పేరు మా ఇంటిపేరు కాదు. 1988 వరకు అదే పేరు. సీసం అక్షరం తమ్ముడూ, నీకు ఆ ముక్క ఫొటో తీసి విడిగా పంపాను. చూసి చెప్పు.

సీసం అక్షరం:
అన్నా, అది మా నాయన పేరే. నాయన పేరు, తండ్రి పేరు, మా పాత గుడిసె ఉన్న వీధి, అన్నీ సరిగ్గా ఉన్నాయి.

నాయన మాకు ఎప్పుడూ కంపోజిటరునని చెప్పాడు గానీ ప్రింటరునని చెప్పలేదు. పత్రికలో తప్పు రాస్తే కేసు ప్రింటరు మీద కూడా పడుతుందని గుమాస్తా గారిని అడిగితే చెప్పారు. పద్నాలుగేళ్ళు ఆ పూచీ నాయన మోశాడని మాకెవరికీ తెలియదు. అమ్మకు ఫోన్లో పెద్దది చేసి చూపించాను. అమ్మకు చదువు రాదు. ఏ అక్షరం దగ్గర పేరు మొదలవుతుందో చూపించమంది. చూపించాను. ఆ అక్షరం కూడా నాయనే పేర్చాడా అని అడిగింది.

వచ్చే ఆదివారం నేనూ వస్తాను అన్నా, స్కానింగుకు. గాజు పలక మా షాపులో ఉంది, తెస్తాను.

అను ఫాంటు:
కెమెరా, స్టాండు నేను తెస్తాను. పొద్దున్నే మొదలుపెడితే వెలుగు బాగుంటుంది. ముందు 1992వే తీద్దాం, అవే పాడవుతున్నాయి.

కలిగిరి అక్క:
ఆదివారం నేనూ వస్తాను బాబూ. మీరు ఫొటోలు తీస్తుంటే ఒక పక్కన కూర్చుని నేను పేర్లు చదువుతాను.